లోపలి జేబు

ఛాతీ నలభై రెండు, నడుం నలభై,
కుడి భుజం ఎడమదానికంటే అరంగుళం కిందికి.
జయపురం మెయిన్ రోడ్డులో మా కొట్టు,
పాత కొలతల పుస్తకం, నూట పద్దెనిమిదో పేజీ.
పేరు రాయాల్సిన చోట
"జర్మనీ దొర, పాదిరీ వేషం" అని ఉంది.
రాసింది నేనే, తవిటయ్యని.

పేరు అడక్కపోలేదు. చెప్పాడు, నా నోట పట్టలేదు.
ఎక్హార్ట్ బ్రూన్స్, అని కూడా వచ్చిన
మిషన్ స్కూలు మేష్టారు ప్రభుదాసు మూడుసార్లు పలికాడు.
మూడుసార్లూ ముగ్గురు మనుషులనిపించారు.

వాళ్ల దేశపు టీవీకి సీరియల్ తీస్తున్నారట,
నూరేళ్ల కిందట కొరాపుట్ కొండలకొచ్చి
జ్వరంతో పోయిన పాదిరీ ఉంటాడందులో.
ఉంటాడంటే, రెండో భాగం దాకా.
హీరో ఆయన మేనల్లుడు, అందగాడు,
వాడి బట్టలు విమానంలో భద్రంగా దిగాయి.
పాదిరీ అంగీ దారిలో ఎక్కడో పోయింది,
అలా నా బల్ల మీదికొచ్చింది పని.

టేపు పట్టినంతసేపూ చేతులు చాపి నిలబడి
దొర చెబుతూనే ఉన్నాడు, మేష్టారు అందిస్తూనే ఉన్నాడు:
నలభై ఏళ్లు.
పోలీసుగా ఇరవై ఆరుసార్లు.
శవాన్ని మొదట చూసి అరిచే పొరుగింటాయనగా, లెక్కలేదు.
రైల్లో టికెట్లడిగేవాడు, మందుల షాపువాడు,
ఒకసారి మంత్రి, రెండు మాటలు, రెండోది కోసేశారు.
చావడం పదకొండు. ఇది పన్నెండోది.

"వీధిలో ఆపుతారు నన్ను.
'మీరు... మీరు... ఆ ఆయన కదూ' అంటారు.
అవును, ఆ ఆయన్నే."
ఆయన నవ్వలేదు. నేనే నవ్వి గుండుసూదులు పారబోశాను.

గుమ్మంలో మూగిన పిల్లల కోసం
స్టూలు మీద కూచుని మొహం మార్చాడు చూడండి,
అప్పు వసూలుకొచ్చినవాడు,
మరుక్షణం అప్పుపడ్డవాడు.
ఎవరు ఎవరో మా వీధి కుక్కకీ తెలిసిపోయింది,
రెండోవాడి కాళ్ల దగ్గరికెళ్లి పడుకుంది.

మెట్లు దిగినవాడు మళ్లీ వచ్చి ఒకటడిగాడు:
గుండె పక్కన లోపలి జేబు.
కెమెరాకి కనబడదు కదా బాబూ?
"చేతికి తెలుస్తుంది" అన్నాడు.
నేనింకేమీ అడగలేదు.
కాలరు లోపల ఎవరూ చూడని కుట్టు
రెండోసారి ఎందుకేస్తానో
మా ఆవిడ ఇప్పటికీ అడుగుతుంది.

జేబులో బైబిలుండాలన్నాడు మేష్టారు.
దొర నా బల్లంతా వెతికి
అరిగిన సుద్దముక్క ఒకటి తీసుకున్నాడు.

చావు పొద్దున్న పదింటికి, కొలాబ్ ఒడ్డున పాకలో.
భోజనాల బండి రాకముందే అయిపోవాలన్నారు.
ఊపిరి అందనప్పుడు చెయ్యి జేబులోకి పోయింది,
తిరిగొచ్చేసరికి వేళ్లన్నీ తెలుపు.
ఇదేమిటని కెమెరా వెనక గొడవ.
మళ్లీ తీద్దామంటే మబ్బు కమ్మింది.
నూటయాభైకి ఏడవడానికొచ్చిన పరజా ముసలమ్మ మాత్రం
"పిండి అంటిన చెయ్యి, తినకుండానే పోయాడు" అని
నిజంగానే ఏడ్చింది,
బండి వచ్చాక కూడా.

ఆ సీరియల్ మా వైపు రాలేదు.
మొన్న మనవరాలు ఫోన్లో పట్టి చూపించింది.
మణికట్టు దగ్గరే బొమ్మ తెగిపోయింది,
తర్వాత మేనల్లుడు గుర్రం మీద.

ఇంకోటి పెట్టింది, ఏదో కోర్టు కథ.
ఓ మూల ముసలి గుమాస్తా, కళ్లజోడు కోసం
కోటు లోపలికి చెయ్యి పెట్టాడు.
ఆపమన్నాను.
మాటలు అర్థం కావు, పేర్లు చీమల్లా పాకిపోయాయి.
కానీ ఆ కోటు కుడి భుజం చూశాను,
ముడత లేదు, జారలేదు.
అక్కడెవడో మా వాడే,
అరంగుళం కిందికి దించి కుట్టాడు.